అపోకలిప్టో, అల్బేనియన్ సబ్‌టైటిల్స్‌తో: పరుగు అదుర్స్, చరిత్ర కలగూరగంప

మెల్ గిబ్సన్ 2006లో తీసిన ఈ సినిమాలో మాటలన్నీ యుకటెక్ మాయా భాషలోనే (మాయా అంటే మెక్సికో, మధ్య అమెరికాల పాత నాగరికత). అల్బేనియా రాజధాని టిరానాలో చూసినా, తిరుపతిలో చూసినా కింద పడే అక్షరాలే దిక్కు. అందుకే సబ్‌టైటిల్ ఫైలు సంగతీ తేల్చాల్సిందే.

ముందు సినిమా. బలిపీఠం దాకా వెళ్లి బతికి బయటపడ్డ హీరో జాగ్వార్ పా అడవిలో పడ్డాక ఇక ఊపిరి సలపదు. జలపాతంలోకి దూకడం, బురదగుంటలోంచి నల్లగా లేవడం, తుట్టెను పీకి శత్రువుల మీదికి విసరడం, అన్నీ మెక్సికోలోని వెరాక్రూజ్ అడవుల్లో ఛాయాగ్రాహకుడు డీన్ సెమ్లర్ డిజిటల్ కెమెరాతో పట్టినవే. నగరం అంచున సున్నం దుమ్ములో తెల్లబడిపోయిన కూలీలను చూపించే నాలుగు షాట్లు మాత్రం పరుగుకన్నా బాగున్నాయి. గుళ్లకు గార పూయాలంటే సున్నం కాల్చాలి, దానికి అడవి నరకాలి. ఆ సంగతి ఒక్క డైలాగు లేకుండా అర్థమవుతుంది.

చరిత్ర దగ్గరే తేడా కొట్టింది. దక్షిణాది మాయా మహానగరాలు చాలావరకు 9వ శతాబ్దంలోనే కుప్పకూలాయి, స్పెయిన్ ఓడలొచ్చింది 16వ శతాబ్దంలో. ఇక్కడ రెండూ ఒకే వారంలో జరిగినట్టుంటాయి. మాయా రాజులూ నరబలులిచ్చారు గానీ, వరసపెట్టి గుండెలు పెకలించే ఆ తంతు మెక్సికోలోని మరో జాతి ఆజ్‌టెక్‌ల వైపే ఎక్కువ మొగ్గుతుంది. ఇక పగలు సూర్యగ్రహణం, ఆ రాత్రే నిండు చందమామ! పంచాంగం తిరగేసే ఇంట్లో ఎవరికైనా నవ్వొస్తుంది.

ఇప్పుడు అల్బేనియన్ ఫైలు. స్క్రిప్టు మొదట ఇంగ్లిష్‌లో రాసి మాయాలోకి మార్చిందే కాబట్టి, ఇంగ్లిష్ నుంచి అనువదిస్తే నష్టమేమీ లేదు. చిక్కల్లా ఇంగ్లిష్‌లో 'నువ్వు', 'మీరు' ఒకటే కావడం. అల్బేనియన్‌లో మనలాగే రెండూ వేరు. వీడియో చూడకుండా అనువదిస్తే బందీల గుంపు మీద అరిచే అరుపు ఏకవచనంలో పడుతుంది.

చుక్కల 'ఇ', తోక 'సి' చోట రెండేసి పిచ్చి గుర్తులొస్తే ఫైలు యూటీఎఫ్-8 అనే అక్షరాల కోడింగ్‌లో ఉందని, ప్లేయరు దాన్ని పాత విండోస్ కోడింగ్‌లో చదువుతోందని అర్థం. వీఎల్‌సీ ప్లేయరు ప్రిఫరెన్సెస్‌లో సబ్‌టైటిల్స్ కింద డిఫాల్ట్ ఎన్‌కోడింగ్ మార్చి సినిమా మళ్లీ తెరవండి. చుక్కలు, తోకలు అసలు టైపే చెయ్యని ఫైలైతే ఏ సెట్టింగూ బాగుచెయ్యదు, వేరేది వెతుక్కోవడమే.

సబ్‌టైటిల్స్ మొదటి నుంచీ ఒకే తేడాతో వెనకబడితే వీఎల్‌సీలో 'జి' మీట, ముందుకొస్తే 'హెచ్'. ఒక్కో నొక్కుకు 50 మిల్లీసెకన్లు జరుగుతుంది. తేడా పెరుగుతూ పోతే మాత్రం మీటలతో పని కాదు. వీడియో సెకనుకు 25 ఫ్రేములది, ఫైలు 23.976ది అయ్యుంటుంది, గంటకు దాదాపు రెండున్నర నిమిషాలు వెనకబడుతుంది. సబ్‌టైటిల్ ఎడిట్ అనే సాఫ్ట్‌వేర్‌లో ఫ్రేమ్ రేటు 23.976 నుంచి 25కి మార్చి సేవ్ చెయ్యండి. పరుగులో మాటలు తక్కువ, తేడా అక్కడ దొరకదు. చూడటం మొదలుపెట్టే ముందే సినిమాను చివరికి జరిపి, ఓడలను చూస్తూ భార్యాభర్తలు మాట్లాడుకునే చోట పెదాలతో సరిచూసుకోండి.