ఎస్.కోట కొండల్లో మా అబ్బాయీ నేనూ: డబ్బు ఒకడికి, భోజనం ఇంకొకరింట్లో

విజయనగరంలో ఒక టూర్ల కుర్రాడికి తలకి రూ.3,500 చొప్పున ఏడు వేలు కట్టి, మా పన్నెండేళ్ల వాణ్ణి వెంటేసుకుని ఎస్.కోట (శృంగవరపుకోట) పైన కొండల్లోకి వెళ్లాను. టెంటు, గైడు, మూడు పూటలా భోజనం అన్నీ అందులోనే అన్నాడు. ఎస్.కోట వరకు బస్సు, అక్కణ్ణుంచి కొండ మొదలు దాకా ఆటో రూ.400, అంతవరకూ ఏ గొడవా లేదు.

ఆటో దిగాక ఇక రోడ్డు లేదు, రాళ్ల తోవలో రెండు గంటలు ఎక్కుడే. ఒంట్లో బాగోకపోతే ఆ కొండ మీది ఊరివాళ్లను ఇదే తోవలో డోలీ కట్టి కిందికి మోస్తారు, మేమేమో బ్యాగులకే ఆయాసపడ్డాం. పైన టెంటు వేసి "సామాన్లు తెస్తానండి" అని దిగిన గైడు మళ్లీ కనబడలేదు. ఫోన్ చేద్దామంటే సిగ్నల్ లేదు. చీకటి పడేసరికి వాన, టెంటుకేమో జిప్ పడదు. దుప్పటి అడ్డంపెట్టి చెరో కొసా పట్టుకు కూర్చున్నాం. "ఇదేనా నాన్నా క్యాంపింగ్" అని వాడు ఒక్కసారే అడిగి తర్వాత నోరు విప్పలేదు, నాకు అదే ఎక్కువ టెన్షన్.

టార్చి వెలుగు చూసి దగ్గరింటాయన వచ్చాడు. "గుంటడు తడిసిపోతన్నాడు, ఇంటికి రండి బాబూ" అన్నాడు. పొయ్యి పక్కన చోటిచ్చి చోడి (రాగి) అంబలి పోశారు, నంజుకోవడానికి ఉల్లిపాయ. మర్నాడు వెదురు కొమ్ముల కూర. ఆ ఇంటావిడ లేత కొమ్ముల పైపొరలు ఒలిచి, సన్నగా తరిగి, ఉడికించిన నీళ్లు పారబోసి, మళ్లీ కొత్త నీళ్లు పోసి ఉడకబెట్టింది, చేదు పోవాలంటే అంత పనుందట. ఇంట్లో వంకాయ ముక్క ఏరి పక్కన పెట్టే మావాడు అడ్డాకు విస్తట్లో రెండోసారి అడిగి వేయించుకున్నాడు. ఆపైన ఆ ఇంటి పిల్లలతో గెడ్డకి (వాగుకి) పోయి సాయంత్రానికి గానీ రాలేదు.

వాళ్లు డబ్బులొద్దన్నారు, బలవంతంగా రూ.600 పెట్టాను. మీరు వెళ్తే నోట్లు పట్టుకెళ్లండి, అక్కడ ఫోన్‌పే నడవదు. దోమల మందు, నిండు చేతుల చొక్కాలు తప్పనిసరి, మన్యంలో మలేరియాతో ఆటలొద్దు. మరీ చిన్నపిల్లలుంటే ఎస్.కోటలోనే దిగి పుణ్యగిరి, తాటిపూడి రిజర్వాయరు చూసుకుని వచ్చేయడం నయం.

దిగొచ్చాక టూర్ల కుర్రాణ్ణి నిలదీస్తే "వాన మా చేతుల్లో ఉంటుందాండీ" అని రూ.1,000 వెనక్కిచ్చాడు. గైడు సంగతీ, జిప్ సంగతీ అడిగితే ఫోన్ పెట్టేశాడు.