చారిత్రక పాత్రకు ఏది మేలు: రంగస్థలమా, వెండితెరా?

చారిత్రక పాత్రలే తన బలమనుకునే నటునికి నాటకం మేలా, సినిమా మేలా అన్నది ఇద్దరు నటులను పక్కపక్కన నిలిపి చూస్తే కొంత తేలుతుంది. ఒకరు 1880లో తాడిపత్రిలో పుట్టి, వకీలు వృత్తి సాగిస్తూనే నాటకాలాడిన బళ్ళారి రాఘవ. మరొకరు 1927లో తెనాలి దగ్గరి రావికంపాడులో పుట్టి, నాటకాల్లో దుర్యోధనుడి వేషం కట్టి, 1950లో సినిమాల్లో అడుగుపెట్టిన గుమ్మడి వెంకటేశ్వరరావు.

విజయనగర పతనం మీద కోలాచలం శ్రీనివాసరావు రాసిన నాటకంలో రాఘవ పఠాన్ వేషానికి ప్రసిద్ధులు. నాటకంలో ఉన్న సుఖం ఏమిటంటే, నిన్న తేలిపోయిన మాటను నటుడు ఈ రాత్రి సరిదిద్దుకోవచ్చు, సభ నిశ్శబ్దాన్ని బట్టి ఇంకొక్క క్షణం ఆగవచ్చు. మైకు లేని ఆ రోజుల్లో, చెవిలో చెప్పే రహస్యం సైతం చివరి వరుసలో చాప మీద కూర్చున్నవాడికి వినబడాలి, అయినా అది రహస్యంలాగే ఉండాలి. ఆ విద్య కెమెరా ముందు పట్టుబడేది కాదు.

ఇక 1962 నాటి 'మహామంత్రి తిమ్మరుసు'లో వృద్ధమంత్రిగా నటించిన గుమ్మడికి అప్పటికి ముప్పై అయిదేళ్ళే. రాయలుగా నటించిన ఎన్.టి.రామారావు ఆయనకన్నా నాలుగేళ్ళు పెద్ద. అయినా ఆ రాజు ఈ మంత్రిని 'అప్పాజీ' అని పిలుస్తుంటే మనకు ఎబ్బెట్టుగా అనిపించదు. వేదిక మీద ముసలితనానికి వంగిన నడుమూ చేతికర్రా కావాలి. తెర మీద రెప్ప బరువుగా వాలితే చాలు. అయితే కళ్ళతోనే సగం కథ చెప్పే మాధ్యమంలో, చివరకు తిమ్మరుసుకు ఆ కళ్ళే లేకుండా పోతాయి. అక్కడ గుమ్మడిని నిలబెట్టింది గొంతే, ఆ గొంతు నాటకాల్లో సానపట్టినదేనని నా నమ్మకం.

రాబడి సంగతికి వస్తే పోలికే లేదు. రాఘవకు వకాల్తా అండగా ఉంది. అది లేనివాడికి సినిమాయే దిక్కు.

అందుచేత నా మొగ్గు నాటకం వైపే, అయితే ముప్పై ఏళ్ళు వచ్చేవరకే. ఆ తర్వాత తెరకు వెళ్ళడమే మంచిది. రాఘవ 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణం'తో సినిమాకు వచ్చేసరికి యాభై దాటారు, చేసిన కొద్ది సినిమాల్లోనూ ఆ పఠాన్ లేడు.