ముధోల్ కుక్కకు ప్రొపోఫాల్ మత్తు: పెట్టిన డబ్బుకు న్యాయం జరుగుతుందా?

ఆపరేషన్ కోసం నరంలోకి ఎక్కించే ప్రొపోఫాల్‌కు మార్కులు మొదటే చెప్పేస్తే, అయిదుకి నాలుగు. ఆ ఒక్కటీ ఎక్కడ తెగిందో కింద ఉంది.

ఇదే పనికి వాడే మరో మత్తుమందు థయోపెంటోన్ చవక. పొడి రూపంలో ఉంటుంది కాబట్టి నిల్వకూ ఇబ్బంది లేదు. అయినా గ్రేహౌండ్, సలూకి, ముధోల్, రాంపూర్ లాంటి సన్నని వేటకుక్క బల్ల మీదుంటే ఆ సీసా జోలికి వెళ్లకూడదు. మామూలు కుక్క ఒక్క డోసు తర్వాత తొందరగా లేస్తుందంటే మందు విరిగిపోయిందని కాదు, మెదడు వదిలి కండలోకి, కొవ్వులోకి జారుకుందని. గ్రేహౌండ్ ఒంట్లో కొవ్వు తక్కువ. ఇంతవరకూ అందరూ చెబుతారు. అంతకంటే పెద్ద చిక్కు కాలేయంలో ఉంది: ఈ మందును విరగ్గొట్టే సీవైపీ2బీ11 అనే ఎంజైమ్ వీటిలో తక్కువ. అందుకే గంటల తరబడి లేవవు, లేచినా తూలుతూ కొట్టుకుంటాయి. పరీక్షలు ఎక్కువగా గ్రేహౌండ్ల మీదే జరిగాయి. అదే ఒడ్డూ పొడుగూ ఉన్న ముధోల్‌కూ అదే జాగ్రత్త పాటించడం మేలు.

ప్రొపోఫాల్‌ను కూడా ఆ ఎంజైమే విరగ్గొడుతుంది. కాకపోతే కాలేయం బయటా కొంత విరుగుతుంది కాబట్టి, వేరే జాతులకంటే కాస్త ఆలస్యమైనా కుక్క శుభ్రంగా లేస్తుంది. నరం తప్పి పక్కకు పోయినా థయోపెంటోన్‌లా చర్మం కుళ్లదు.

1 శాతం సీసాలో మి.లీ.కి 10 మి.గ్రా. మందు ఉంటుంది. ముందు మత్తు (అసలు మత్తుకు ముందు కుక్కను నెమ్మదింపజేసే మందు) ఇచ్చాక కిలోకు 2 నుంచి 4 మి.గ్రా. చాలు. 22 కిలోల కుక్కకు 4 చొప్పున 88 మి.గ్రా., అంటే 8.8 మి.లీ. సిరంజిలోకి తీసుకోండి. మొత్తం ఎక్కించాలని కాదు. పావు వంతు ఇచ్చి అర నిమిషం ఆగి, దవడ వదులైందేమో చూసి మళ్లీ పావు. చాలాసార్లు సిరంజిలో మిగులుతుంది. ఒక్కసారిగా తోస్తే ఊపిరి ఆగుతుంది, బీపీ పడిపోతుంది. కాబట్టి ముందే 3 నుంచి 5 నిమిషాలు మాస్కుతో ఆక్సిజన్ పట్టాలి. గొంతులో పెట్టే శ్వాస ట్యూబు, చేత్తో నొక్కి ఊపిరి అందించే ఆంబు బ్యాగ్ చేతికందేలా లేకపోతే ఈ సీసా తెరవొద్దు.

ముందు మత్తుగా ఏసీప్రోమజీన్ వాడితే కిలోకు 0.01 నుంచి 0.02 మి.గ్రా., తోడుగా బ్యూటార్ఫనాల్ 0.2 మి.గ్రా. ముందు మత్తుగా జైలజీన్ ఇచ్చి ఉంటే ప్రొపోఫాల్ అవసరం సగానికి సగం తగ్గిపోవచ్చు, గుండె వేగమూ పడిపోతుంది.

ఇక పోయిన మార్కు. ఈ పాల లాంటి మందు సోయా నూనె, గుడ్డు లెసిథిన్‌ల మిశ్రమం. మామూలు సీసాల్లో బ్యాక్టీరియాను చంపే ప్రిజర్వేటివ్ ఉండదు. తెరిచిన సీసా 6 గంటల్లో పారేయాలి. మిగిలిందని ఫ్రిజ్‌లో దాచి మర్నాడు ఇంకో కుక్కకు వాడితే రక్తంలోకి నేరుగా ఇన్ఫెక్షన్ ఎక్కించినట్టే. అందుకే 20 మి.లీ. కంటే 10 మి.లీ. సీసాలు కొనడమే లాభం.

రెండో లోపం, ఇది నొప్పి తగ్గించదు. నొప్పి మందు విడిగా ఇవ్వాల్సిందే. అదనపు డోసు కిలోకు 0.5 నుంచి 1 మి.గ్రా. చొప్పున ఇవ్వచ్చు కానీ, ఈ జాతుల్లో పేరుకుపోతుంది. అరగంట దాటే ఆపరేషన్‌కు పీల్చే మత్తు ఐసోఫ్లూరేన్‌కు మారడం మంచిది. కుక్క క్లోరాంఫెనికాల్ అనే యాంటీబయాటిక్ వాడుతుంటే డాక్టరుకు ముందే చెప్పాలి. అది ఆ కాస్త ఎంజైమ్‌నూ అడ్డుకుని మత్తును సాగదీస్తుంది.

ఏ మందు వాడినా తప్పనివి రెండున్నాయి. ఒకటి చలి: ఒంటి మీద కొవ్వు లేదు కాబట్టి పది నిమిషాలకోసారి థర్మామీటర్ పెట్టాలి, పాదాలకు దూది చుట్టాలి, స్పిరిట్ పొదుపుగా వాడాలి. వేడి నీళ్ల సీసా నేరుగా ఆనిస్తే పలచని చర్మం కాలుతుంది. రెండోది రక్తం. గ్రేహౌండ్ పీసీవీ (రక్తంలో ఎర్ర కణాల శాతం) 50 నుంచి 65 దాకా ఉండటం మామూలే. రిపోర్టులో 40 కనిపించి పక్కన 'నార్మల్' అని రాసున్నా అనుమానించాలి. గర్భసంచి తీసిన గ్రేహౌండ్లలో కొన్నిటికి 36 నుంచి 48 గంటల తర్వాత కుట్ల చుట్టూ నల్లగా కమిలి రక్తం కారుతుంది. కాబట్టి మూడో రోజు వరకూ పొట్ట కింద రోజుకు రెండుసార్లు చూడాలి. కమిలిన మచ్చ పెద్దదవుతుంటే వెంటనే తీసుకెళ్లాలి. అలాంటప్పుడు డాక్టర్లు రక్తస్రావం ఆపే ట్రానెగ్జామిక్ యాసిడ్ ఇస్తారు.