పాత ఫిల్ముతో చరిత్ర డాక్యుమెంటరీ: డావించీ రిజాల్వ్ ఎంతవరకు పనికొస్తుంది?

ఇంటర్వ్యూలు కోసి అతికించడానికి ఏ సాఫ్ట్‌వేరైనా చాలు. చరిత్ర డాక్యుమెంటరీ ఎడిటర్‌కి అసలు పరీక్ష పాత ఫుటేజీ. ఆ పరీక్షలో డావించీ రిజాల్వ్ అనే ఈ వీడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ బాగానే నెగ్గుతుంది, దాని ఆటోమేటిక్ టూల్స్‌ని గుడ్డిగా నమ్మనంతవరకు.

ప్రాజెక్ట్ ఫ్రేమ్ రేట్ (సెకనుకు ఎన్ని ఫ్రేములు) 24 కావాలో 25 కావాలో మొదటి క్లిప్పు మీడియా పూల్‌లో, అంటే క్లిప్పులన్నీ చేర్చుకునే చోట, వేయకముందే తేల్చుకోండి. తర్వాత ఆ సెట్టింగ్ మారదు.

మూకీ రీలును ఫ్రేముకు ఫ్రేము స్కాన్ చేసి 24 ఫ్రేముల ఫైలుగా ఇస్తే జనం పరుగులు తీస్తున్నట్టు ఉంటుంది. అసలు రీలు 16 ఫ్రేములదైతే స్పీడు 66.67 శాతానికి, 18 అయితే 75కి దించాలి. అప్పటి కెమెరాలు చాలావరకు చేత్తో తిప్పినవి కాబట్టి లెక్క కంటే మనుషుల నడక చూసి సరిచేయడమే మేలు. స్పీడు మార్చే పద్ధతిని ఎంచుకునే రీటైమ్ ప్రాసెస్‌లో 'నియరెస్ట్' పెడితే 16 ఫ్రేముల రీల్లో ప్రతి రెండో ఫ్రేము రెండుసార్లు వస్తుంది, కాస్త కుదుపు తెలుస్తుంది. దాన్ని పోగొడదామని 'ఆప్టికల్ ఫ్లో' పెడితే గీతల్నీ గ్రెయిన్‌నీ (ఫిల్ము మీది సన్నటి చుక్కల్నీ) కూడా కదలికే అనుకుని చేతులు, కాళ్లు కరిగిపోయినట్టు చూపిస్తుంది. కుదుపే నయం.

టేపు నుంచి వచ్చిన బొమ్మలో అంచులు దువ్వెన పళ్లలా కనిపిస్తే క్లిప్ ఆట్రిబ్యూట్స్‌లో డీఇంటర్లేస్ ఆన్ చేయాలి. 4:3 బొమ్మను 16:9లో నిండుగా నింపితే ఎత్తులో పావు వంతు పోతుంది, తలలు తెగుతాయి. పక్కన నల్ల పట్టీలు వదిలేయండి.

ఫొటోలోకి మెల్లగా దగ్గరికి వెళ్లడానికి డైనమిక్ జూమ్ హాయిగా ఉంది. 3840 పిక్సెళ్ల టైమ్‌లైన్‌లో రెండింతలు దగ్గరికి వెళ్లాలంటే స్కాన్ వెడల్పు 7680 ఉండాలి. ఫొటోను కాంపౌండ్ క్లిప్‌లో (కొన్ని క్లిప్పుల్ని ఒక్కటిగా కట్టిన మూటలో) పెట్టి బయటి నుంచి జూమ్ చేస్తే మాత్రం ఆ పిక్సెళ్లన్నీ వృథా, బొమ్మ మసకబారుతుంది.

ఎక్కువమంది దెబ్బతినేది చివర్లో, ఆర్కైవ్ ఇచ్చిన వాటర్‌మార్క్ ప్రీవ్యూల స్థానంలో మాస్టర్లు (అసలు నాణ్యత గల ఫైళ్లు) పెట్టేటప్పుడు. టైమ్‌కోడ్ (ప్రతి ఫ్రేముకూ ఉండే సమయం గుర్తు) గానీ ఫ్రేమ్ రేట్ గానీ వేరైతే, రీలింక్ అయిన, అంటే కొత్త ఫైలుకు ముడిపడిన షాటు పక్కకి జరిగిపోతుంది. ప్రీవ్యూ ఎడిట్‌ను వీడియోగా తీసి పై ట్రాక్‌లో సగం పారదర్శకంగా ఉంచి, ప్రతి షాటూ పోల్చి చూడాల్సిందే. ఆర్కైవ్ రిఫరెన్స్ నంబర్లను మొదటి రోజే మెటాడేటాలో (క్లిప్పు వివరాల్లో) ఎక్కిస్తే లైసెన్సు లెక్కలప్పుడు వెతుకులాట తప్పుతుంది.

కోతవరకు ఉచిత వెర్షన్ చాలు. ఆటోమేటిక్ డర్ట్ రిమూవల్, నాయిస్ రిడక్షన్ కావాలంటే స్టూడియో అనే చెల్లింపు వెర్షన్ కొనాలి. అయితే ఆ డర్ట్ రిమూవల్ ఎగిరే పక్షిని కూడా దుమ్మనుకుని తుడిచేయగలదు.