స్తెంకా రాజిన్ (1908): దండులోపలి కుట్ర కథ

విశాఖపట్నం ద్వారకానగర్‌లోని ఒక చిన్న హాలులో ఇటీవల ప్రదర్శించిన ‘స్తెంకా రాజిన్’ రష్యాలో తయారైన తొలి కథాచిత్రంగా పేరుపొందిన మూకీ. వ్లదీమిర్ రొమష్కోవ్ దర్శకత్వంలో అలెగ్జాండర్ ద్రాంకోవ్ నిర్మించిన ఈ చిత్రం 1908 అక్టోబరులో, అంటే ఫాల్కే ‘రాజా హరిశ్చంద్ర’ కంటే నాలుగున్నరేళ్ల ముందే, విడుదలైంది.

జారు ప్రభుత్వంపై 1670లో తిరగబడి, మరుసటి ఏడాది మాస్కోలో మరణశిక్షకు గురైన దోన్ కొసాక్కుల (దోన్ నదీ ప్రాంతపు యోధుల) నాయకుడు రాజిన్ కథ కదా అని యుద్ధాలను ఆశించి వెళ్లేవారికి నిరాశ తప్పదు. ఇక్కడి పోరంతా దండులోపలే. చెరపట్టి తెచ్చిన పారశీక రాకుమారి మోజులో పడి, తరుముకొస్తున్న సైన్యాన్ని సైతం నాయకుడు పట్టించుకోవడం లేదని అనుచరులు రగిలిపోతారు. ఆమె హసన్ అనే ప్రియుడికి రాసినట్టు దొంగ ఉత్తరం పుట్టించి, రాజిన్‌కు బాగా తాగించి చేతిలో పెడతారు. అతడు నిజానిజాలు విచారించకుండానే ఆమెను ఓల్గా నదిలోకి విసిరేస్తాడు.

కుట్ర పన్నే ఘట్టమే ఈ చిత్రానికి ప్రాణమని నా అభిప్రాయం. కెమెరా దూరంగా, కదలకుండా ఉండిపోవడంతో ఆ గుంపులో మొదట నిప్పు రాజేసినవాడెవడో మనకు తెలియదు, ఆ నేరం ఏ ఒక్కరిదీ కాక అందరిదీ అవుతుంది. అయితే ఆ దూరమే రాకుమారికి అన్యాయం చేసింది: ఆమె నాట్యం చేస్తుంది, మునిగిపోతుంది, మధ్యలో ఆమె మనసేమిటో తెలిసే అవకాశమే లేదు. చివరి వరుసకు కూడా కనబడాలని చేతులూపే పద్యనాటక నటుల్లా అందరూ అభినయించారు. జరగబోయేదాన్ని తెరమీద అక్షరాల్లో ముందే చెప్పేయడం వల్ల ఉత్కంఠ కొంత చచ్చిపోయింది. (పీటర్స్‌బర్గ్ సమీపంలోని సరస్సే తెరమీద ఓల్గా అయింది, మోసమని అనిపించలేదు.)

ప్రదర్శన మాత్రం అంత శ్రద్ధగా లేదు. చేత్తో తిప్పే కెమెరాతో, సెకనుకు దాదాపు పదహారు ఫ్రేముల చొప్పున తీసే ఆ కాలపు చిత్రాన్ని అంతకంటే ఎక్కువైన నేటి వేగంతో నడపడంతో, విందు చేసుకుంటున్న కొసాక్కులు గంతులేస్తున్నట్టు కనిపించి, ప్రేక్షకులు నవ్వకూడని చోట నవ్వారు. ఇప్పలితోవ్-ఇవనోవ్ వంటి స్వరకర్త ప్రత్యేకంగా సంగీతం కూర్చిన చిత్రాన్ని పూర్తి నిశ్శబ్దంలో వేయడం ఇంకో లోపం. పది నిమిషాలైనా పట్టని సినిమా కనుక, వేగం సరిచేసి, కనీసం ఒక హార్మోనియం తోడుగా పెట్టి అదే హాలులో మళ్లీ వేస్తే తప్పక వెళ్తాను.