మోనాలిసా ఉన్న గదిలో వెనక్కి తిరిగి చూడండి

పారిస్‌లో లూవ్ర్ మ్యూజియానికి వెళ్లాలనుకునేవారికి నా మొదటి సలహా: శుక్రవారం సాయంత్రం వెళ్లండి. బుధ, శుక్రవారాల్లో రాత్రి తొమ్మిది దాకా తెరిచి ఉంటుంది. మంగళవారం సెలవు. టికెట్టు ముందే ఆన్‌లైన్‌లో, వేళ ఎంచుకుని కొనుక్కోవాలి. 2026 జనవరి నుంచి మనవంటి ఐరోపాయేతర సందర్శకులకు 32 యూరోలు చేశారు. ఎక్కువే, అయితే 18 ఏళ్లలోపు పిల్లలకు ఉచితం.

గాజు పిరమిడ్ దగ్గర తనిఖీ అయ్యాక డెనాన్ విభాగంలోకి వెళ్లాలి. మోనాలిసా బొమ్మ వేసిన గుర్తులే దారి చూపిస్తాయి. సాయంత్రం కూడా ఆ గదిలో జనం కిక్కిరిసి ఉన్నారు. వరుసలో మెల్లగా జరిగి ముందుకు చేరితే, కాసేపటికే పక్కకు జరగమంటారు. 77 సెంటీమీటర్ల ఎత్తు, 53 సెంటీమీటర్ల వెడల్పున్న చిన్న చెక్క పలక అది. మందపాటి గాజు వెనుక, అడ్డుకట్టకు అవతల ఉంటుంది. ఆ కాస్త సమయంలో ఫోను తీయకండి. నేను ఆమె చేతులనే చూశాను. ఒకదాని మీద ఒకటి ఎంత నెమ్మదిగా ఆనించి ఉన్నాయో! ఆ నవ్వు కన్నా అవే నాకు గుర్తుండిపోయాయి.

ఇక వెనక్కి తిరగండి. ఎదుటి గోడ నిండా ఇటలీ చిత్రకారుడు వెరొనీసే 1563లో పూర్తిచేసిన కానా పెళ్లివిందు ఉంటుంది. ఏసు నీటిని ద్రాక్షారసంగా మార్చిన బైబిలు కథ ఇది. దాదాపు ఏడు మీటర్ల ఎత్తు, పది మీటర్ల వెడల్పు. వెనిస్‌లోని ఒక మఠం భోజనశాల కోసం వేసిన ఈ చిత్రాన్ని 1797లో నెపోలియన్ సేనలు పట్టుకొచ్చాయి. నడుమ వాయిద్యకారులు, కుడివైపు జాడీ వంచి ద్రాక్షారసం పోస్తున్న మనిషి, కింద కుక్కలు, అతిథుల పట్టుబట్టల రంగులు! గదిలో ఇంతమంది ఉన్నా దీని ముందు నిలబడటానికి కావలసినంత చోటు దొరికింది. మోనాలిసాకు విడిగా గది కడతామని 2025లో అధ్యక్షుడు మాక్రాన్ ప్రకటించారు. అది మంచిదే, కానీ అప్పుడు ఈ గదికి ఎందరు వస్తారా అన్నదే నా బెంగ.

పక్కనే ఉన్న గ్రాండ్ గ్యాలరీలో, మోనాలిసాను వేసిన లియొనార్డో డావిన్సీ చిత్రాలు మరికొన్ని ఉన్నాయి. శిలల మధ్య కన్యమరియ, మరియ తల్లి సెయింట్ ఆన్ చిత్రాల ముందు వరుసలు లేవు, తొందరపెట్టేవారూ లేరు. సెయింట్ ఆన్ చిత్రం 1519లో ఆయన కన్నుమూసేనాటికీ పూర్తికాలేదు. ఆన్ ముఖంలోనూ మోనాలిసా నవ్వే. నీడలో పెదవి అంచు ఎలా కరిగిపోతుందో నాకు అక్కడే తెలిసింది.

మేము గార్ ద లెస్త్ స్టేషన్ దగ్గర బస చేశాం. గది ఇరుకు, లిఫ్టు మరీ ఇరుకు. అయినా మళ్లీ అక్కడే దిగుతాను. ఏడో నంబరు మెట్రో నేరుగా మ్యూజియం దగ్గర దించుతుంది. కాస్త నడిస్తే లా షాపెల్‌లో శ్రీలంక తమిళుల హోటళ్లున్నాయి, శాకాహారులకు దోసెలు దొరుకుతాయి.

మూసే వేళకు అరగంట ముందు నుంచే గదులు ఖాళీ చేయిస్తారు. అయిదు గంటల ప్రవేశం తీసుకుంటే గ్రాండ్ గ్యాలరీకి తగినంత సమయం మిగులుతుంది.