14416కా, 1098కా: పిల్లల కోసం ఏ నంబరుకు ఫోన్ చేయాలి?

రెండూ ఉచితమే, రెండూ 24 గంటలూ పనిచేసేవే. అందుకే ఒకటి చేయాల్సిన చోట ఇంకొకటి చేసేస్తుంటారు.

14416 టెలీమానస్ నంబరు, అంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్; 2022 అక్టోబరులో మొదలైంది. వయసుతో పనిలేదు. ముందుగా భాష ఎంచుకోమంటుంది, తెలుగు ఉంది. ఇక్కడే విసిగి పెట్టేయకండి. మొదట కౌన్సెలర్ మాట్లాడతారు, అవసరమైతే మానసిక వైద్య నిపుణులకు కలుపుతారు. నిద్రపట్టకపోవడం, పరీక్షల భయం, హాస్టల్లో ఒంటరితనం, తిండి మానేయడం, చచ్చిపోవాలనిపిస్తోందనడం... వీటికి ఇదే సరైనది. ఒక మాట: అమ్మానాన్నలు స్పీకర్ పెట్టి పక్కనే కూర్చుంటే పిల్లలు నోరు విప్పరు. ఫోన్ చేతికిచ్చి పక్కకు జరగండి. చచ్చిపోతానన్న పిల్లలైతే మాత్రం కనుచూపు దూరం దాటొద్దు.

1098 చైల్డ్ హెల్ప్‌లైన్. 18 ఏళ్లలోపు వారికే. దిగులుకు కారణం మనసులో కాక ఇంట్లోనో బడిలోనో ఉంటే, అంటే కొట్టడం, లైంగిక వేధింపు, బాల్యవివాహం, పనిలో పెట్టడం, ఇల్లు వదిలి వెళ్లిపోవడం లాంటివైతే దీనికి చేయాలి. ఫోన్‌లో ఓదార్పుతో సరిపెట్టరు, అవసరమైతే మనుషులు వస్తారు, విషయం బాలల సంక్షేమ సమితి దాకా వెళ్తుంది. కాబట్టి ఊరు, మండలం, దగ్గరి గుర్తు సిద్ధంగా ఉంచుకోండి. లైంగిక వేధింపైతే "ఎవరికీ చెప్పను" అని పిల్లలకు మాటివ్వకండి, పోక్సో చట్టం ప్రకారం తెలిసినవాళ్లు ఫిర్యాదు చేయాల్సిందే.

పురుగుల మందు తాగితే ఈ రెండూ కాదు, ముందు 108. వాంతి చేయించకండి, మందు డబ్బా వెంట తీసుకెళ్లండి.